పలకని అక్షరానికి కూలి

ప్రొద్దుటూరులో బంగారంగళ్ల వెనక సందు.
ఐదు మెట్లు కిందికి దిగితే చౌడేశ్వరి ప్రెస్.
నాకప్పుడు పదమూడేండ్లు.
అచ్చయిపోయిన అక్షరాల్ని కిరసనాయిలుతో కడిగి
ఎవరి గడిలో వాళ్లను పడుకోబెట్టేది నా పని.
ఆ వాసన ఇంకా గోళ్ల కిందే ఉన్నట్టుంటాది.

కంపోజిటర్ హుసేనప్పకు ఇంగ్లీషు రాదు.
ఇంగ్లీషు అక్షరాలు మాత్రం
కేసు వైపు చూడకుండానే తీస్తాడు,
శనక్కాయలు ఒలిచే ఆడోళ్లంత వడిగా.

మూణ్ణెల్ల పరీక్షల ముందర దానియేలు సారొస్తాడు,
ప్రశ్నపత్రం చంకలో పెట్టుకొని.
ప్రూఫు దిద్దుతా పైకి చదువుతాడు.
కొలొనెల్ అని మావాడు పేర్చింది
సారు నోట్లో కర్నల్ అయి బయటికొస్తాది.
"ఆర్ అనే అక్షరం నేను పెట్టనే లేదే,
మీకు యాడ దొరికె సార్?"
"దొడ్డిదారిన వచ్చిందిలే హుసేనప్పా,
ఎవరు గడి తీసినారో నాకూ తెల్దు."

క్యూ అనే మాటకు ఐదక్షరాలు.
ముందరున్నది ఒక్కటే మాట్లాడతాది.
వెనక నాలుగూ రేషనంగడి కాడ మాదిరి
సంచులు పట్టుకొని నిలబడుంటాయి,
చక్కెర అయిపోయిందని తెలిసి కూడా.

క్యూతోనే ఇంకొకటి: క్యూ, యూ, ఏ, వై.
"దీన్ని కీ అనల్ల" అన్నాడు సారు.
"బీగం చెవా?"
"కాదబ్బా. ఓడలు ఆగే గట్టు."
హుసేనప్ప చేతిలో స్టిక్కు చానాసేపు కదల్లేదు.
"మన పెన్న ఒడ్డున ఇసక బండ్లు ఆగుతాయే,
దాన్నీ అట్లే అనొచ్చునా?"
సారు కళ్లద్దాలు తుడుచుకున్నాడు.
ఆ ప్రశ్నకు రెండు మార్కులు.

"మన తెలుగే నయం, రాసిందంతా పలుకుతాం"
అని సారు ఒకనాడు మురిసిపోతే
హుసేనప్ప నా వైపు చూసి కన్ను గీటినాడు.
ఆయన నోట్లో *వస్తాండాడు.*
ఆయన స్టిక్కులో *వచ్చుచున్నాడు.*
మా ఇండ్లల్లో పలికే ఆ *తాండా*
ఇరవై ఏండ్లలో ఒక్కసారీ ఆ మెట్లు ఎక్కి బయటికి పోలేదు.

పేజీలు లెక్కేసి సారు డబ్బులు తీస్తే
"పలకని అక్షరాలకు కూలి పట్టుకోరు గద?"
అని ఎప్పుడూ అదే ఎగతాళి.
"పలికినా పలక్కపోయినా సీసం అంతే బరువు సార్."

ఆ ఏడు శనక్కాయ పూతమీదే మాడిపాయ.
సహకార బ్యాంకోళ్ల జాబితా వచ్చింది,
ఎడమపక్క పేర్లు, కుడిపక్క ఒక్కటే మాట:
డి, ఇ, బి, టి.
మూడో పేజీకి బి గడి ఖాళీ.
నేను అడుగంతా గీకినా, దుమ్ము తప్ప ఏమీ లేదు.
హుసేనప్ప పక్క గడిలోంచి చిన్న క్యూ ఒకటి తీసి
తలకిందులు చేసి పెట్టినాడు.
బి అయి కూర్చుండె.
ఇంకొకటి. ఇంకొకటి.
రేషను వరసలో ముందు నిలబడి మాట్లాడినవన్నీ
ఇక్కడికొచ్చి తలలు కిందికేసుకొని నోరు మూసుకున్నాయి.

నలభై ఒకటో పేరు: దూదేకుల హుసేనప్ప.
రాజుపాళెం కాడ రెండెకరాలు.
ఆయన చెయ్యి ఆగలేదు. నేనే ఆగినా.

అప్పుడే మెట్లు దిగి వచ్చిన సారు
తడి ప్రూఫు చూసి, అలవాటు చొప్పున,
"డెట్ అనల్ల. ఇందులో బి పలకదు" అన్నాడు.
హుసేనప్ప తల ఎత్తలే.
"పలక్కపోయినా దానికీ వడ్డీ పడతాది సార్."
సారు ఆ పొద్దు ఇంకేమీ దిద్దలేదు.

ప్రెస్సు కిలోల లెక్కన పాయ.
బిలూ క్యూలూ ఒకే తక్కెట్లో.
ఒకటి మాత్రం నా పోపుల డబ్బాలో ఉండాది,
ఆవాల గిన్నె కింద.
అది బి-నో క్యూ-నో
వెన్ను మీద గాడి చూస్తే తెలుస్తాది.
నేను చూడను.